అవునా, కాదా? - ఒక అమెరికన్ నవల కథ

ఒక మనుష్యుడు ఏ దేశమునకు చెందినవాడు? పుట్టిన నేలనుబట్టి చెప్పవచ్చునా, తల్లిదండ్రుల భాషనుబట్టి చెప్పవచ్చునా, లేక ఆతడు చేసిన ప్రమాణమునుబట్టి చెప్పవలెనా? తాతముత్తాతలనాటినుండి ఒకే యూర కాపురమున్నవానిని ఈ ప్రశ్న అడుగువారుండరు. కాని అమెరికా సంయుక్త రాష్ట్రముల సంగతి వేరు. అక్కడి ఆదిమజాతులను మినహాయించినచో, ప్రతి కుటుంబమునకును మరియొక గడ్డపై విడిచివచ్చిన పాత ఊరొకటి గలదు. కొందరు తమంతట వచ్చిరి. కొందరు సంకెళ్లతో తేబడిరి. అందుచేత "అమెరికన్ అనగా ఎవడు?" అను ప్రశ్న ఆ దేశపు రచయితలను విడువక వెంటాడుచున్నది.

ఫ్రాన్సునుండి వచ్చి అమెరికాలో సేద్యము చేసిన క్రెవ్‌కూర్ 1782లో అచ్చయిన తన లేఖలలో ఈ ప్రశ్ననే సూటిగా వేసెను. 1908లో ఇజ్రాయెల్ జాంగ్విల్ అను ఆంగ్ల రచయిత, కంసాలి మూసలో లోహములు కరగినట్లు అమెరికాలో జాతులన్నియు కరగి ఒక్కటగునని నాటకము వ్రాసెను. కరగనక్కరలేదు, వాద్యబృందమున వీణ వీణగను, వేణువు వేణువుగను ఉన్నట్లే ఎవరి స్వరముతో వారుండవచ్చునని 1915లో హొరేస్ కాలెన్ అను తత్త్వవేత్త బదులు చెప్పెను. ఈ వాదములన్నియు చదువదగినవే. కాని ఆ ప్రశ్న ఒక యింటిలో దూరి తల్లిని, బిడ్డను, స్నేహితుని ఎట్లు విడదీయునో చూపిన గ్రంథము మరియొకటి కలదు. అది 1957లో వెలువడిన 'నో-నో బాయ్' అను నవల. రచయిత జాన్ ఒకాడా. మొదటి ముద్రణ 1500 ప్రతులు. 1971లో రచయిత మరణించునాటికి అవియు పూర్తిగా అమ్ముడుపోలేదందురు. నేడు ఆ నవల అమెరికన్ విశ్వవిద్యాలయములలో పాఠ్యగ్రంథము. ఈ మార్పు ఎట్లు వచ్చినదో తెలియుటకు ముందుగా చట్టము మాట కొంత తెలియవలెను.

1790లో అమెరికా కాంగ్రెసు చేసిన శాసనము ప్రకారము, పరదేశమున పుట్టి వచ్చినవారిలో స్వతంత్రులైన తెల్లవారు మాత్రమే పౌరులు కాగలరు. అంతర్యుద్ధము ముగిసిన పిమ్మట 1870లో ఆఫ్రికా సంతతివారికిని ఆ హక్కు కలిగినది. ఆసియావాసుల ఊసు అందులో లేదు. తకావో ఒజావా అను జపానీయుడు 20 ఏండ్లకు పైగా అమెరికాలో నివసించి, అక్కడనే చదువుకొని, ఇంట ఇంగ్లీషే మాటలాడుచు పౌరసత్వము నర్థించెను. ఆతడు తెల్లవాడు కాడని 1922 నవంబరులో సుప్రీముకోర్టు ఆ అర్జీని త్రోసివేసెను. మూడు నెలలకు, 1923 ఫిబ్రవరిలో, మొదటి ప్రపంచ యుద్ధకాలమున అమెరికా సైన్యమున పనిచేసిన పంజాబీ, భగత్‌సింగ్ థిండ్‌కును అదే తీర్పు లభించినది. శాస్త్రజ్ఞులు భారతీయులను ఏ జాతిలో లెక్కించినను, సామాన్యజనుల వాడుకలో వారు తెల్లవారు కారని కోర్టు నిర్ణయించెను.

ఆ కాలముననే మన భీమవరమున పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు వైద్యపరిశోధనకై బోస్టన్ నగరము చేరెను. రోగపీడితులకు ఎన్నో ఔషధములు సమకూర్చిన ఆ మహనీయునకును పౌరసత్వపు ద్వారము 1946 వరకు మూసియే యుండెను. ఆ యేట భారతీయులకు పౌరులగు హక్కు నిచ్చు చట్టము వచ్చినది. మరి రెండేండ్లకు ఆయన కన్నుమూసెను.

జపాను వలసదారులకు ఆ హక్కు 1952 వరకు రాలేదు. వారిలో మొదటితరమువారిని ఇస్సెయి లనియు, అమెరికాలో పుట్టిన వారి సంతానమును నిసెయి లనియు పిలుతురు. 1868నాటి రాజ్యాంగ సవరణ ప్రకారము ఆ గడ్డపై పుట్టిన బిడ్డ పౌరుడే. కనుక ఒకే కప్పుక్రింద తండ్రి జీవితాంతము పరదేశి, కొడుకు పుట్టుకతో పౌరుడు. ఈ భేదము శాంతికాలమున అంతగా కనబడలేదు. యుద్ధము వచ్చినంతనే అది అగాధమైనది.

1941 డిసెంబరు 7వ తేదీన జపాను విమానములు పెర్ల్ హార్బరుపై దాడి చేసెను. 1942 ఫిబ్రవరి 19వ తేదీన అధ్యక్షుడు రూజ్వెల్టు ఒక ఉత్తరువుపై సంతకము చేసెను. దాని ననుసరించి పశ్చిమతీరమున నున్న సుమారు 1,20,000 మంది జపాను సంతతివారిని ఇండ్లు, పొలములు, దుకాణములు విడిపించి, ముళ్లకంచెల నడుమ కట్టిన 10 శిబిరములకు తరలించిరి. వారిలో మూడింట రెండువంతులమంది పౌరులే. నేరారోపణ లేదు, విచారణ లేదు.

ఏడాది గడచినది. సైన్యమునకు మనుష్యులు కావలసివచ్చిరి. 1943 ఫిబ్రవరిలో ప్రభుత్వము శిబిరవాసుల చేతికి ఒక ప్రశ్నపత్రము నిచ్చెను. అందు 27వ ప్రశ్న యువకులను ఉద్దేశించి, ఎక్కడికి పంపినను అమెరికా సైన్యమున చేరి యుద్ధము చేయుదువా యని అడిగెను. 28వ ప్రశ్న, అమెరికాకు నిండుమనస్సుతో విధేయుడవై, జపాను చక్రవర్తిపట్ల విధేయతను వదలుకొందువా యని అడిగెను. రెంటికిని అవును, కాదు అను మాటలలో ఒకటి చెప్పవలెను.

కాగితముపై ఇది సులభముగనే కనబడును. కాని సియాటిల్‌లో పుట్టి, జపాను ముఖమైన నెరుగని యువకుడు చక్రవర్తిపై భక్తిని వదలుకొందునని చెప్పినచో, ఆ భక్తి పూర్వముండెనని ఒప్పుకొన్నట్లు కాదా? వదలుటకు ముందు పట్టుకొని యుండవలెను గదా! పౌరసత్వమునకు నోచని ఆతని తండ్రి జపానును కాదనుకొన్నచో ఏ దేశమునకును చెందనివాడగును. ఈ చిక్కును గ్రహించి అధికారులే పిమ్మట ఇస్సెయిలకు ఆ ప్రశ్నను మార్చిరి. వృద్ధులైన తల్లిదండ్రులనుండి విడదీయుదురేమో యని కొందరు కాదనిరి. ముందు మా కుటుంబమును విడువుడు, తరువాత యుద్ధమునకు వత్తుమని కొందరు షరతు పెట్టిరి. రెంటికిని కాదన్నవారికి 'నో-నో' అను పేరు పడినది. వారిని కాలిఫోర్నియాలోని టూలీలేక్ శిబిరమునకు వేరుపరచిరి. అవునన్న యువకులు 442వ దళమున చేరి ఇటలీలోను, ఫ్రాన్సులోను ప్రాణములకు తెగించి పోరాడిరి. 1944లో నిర్బంధ సైనికభర్తీ మొదలుకాగా, కంచెలోపలినుండి సైన్యమునకు పోమని నిరాకరించిన సుమారు 300 మంది చెఱసాల పాలైరి. 1947 డిసెంబరులో అధ్యక్షుడు ట్రూమన్ వారిని క్షమించెను.

ఒకాడా నవలలోని నాయకుడు ఇచిరో యమదా ఈ కడపటి కోవలోనివాడు. శిబిరమున రెండేండ్లు, చెఱసాలలో రెండేండ్లు గడపి, 25 ఏండ్ల వయస్సున సియాటిల్‌కు తిరిగివచ్చును. బస్సు దిగిన కొలది నిమిషములకే, పూర్వపు పరిచయస్థుడైన నిసెయి సైనికుడు ఆతనిపై ఉమ్మివేయును. వీధిలోని నీగ్రో యువకులు సయితము, టోకియో పొమ్మని ఎగతాళి చేయుదురు. త్రోసివేయబడినవాడు మరియొకని త్రోయుట, తాను లోపలివాడనని చెప్పుకొనుటకు మనుష్యుడు చేయు పనులలో ఒకటియని రచయిత వ్యాఖ్యానము లేకయే చూపినాడు.

ఇంట పరిస్థితి మరింత దుర్భరము. తండ్రి చిన్న దుకాణము నడుపుచు త్రాగుడులో మునిగినాడు. తల్లి, జపాను యుద్ధములో గెలిచినదనియు, తమ్ము తీసికొనిపోవుటకు ఓడ రానున్నదనియు నమ్మి కూర్చున్నది. ఆకలితో అలమటించుచున్నాము, ఏమైనను పంపుమని జపానునుండి తోబుట్టువు జాబు వచ్చినప్పుడు ఆ నమ్మకము కూలును. దానితో ఆమె బ్రతుకును కూలును. తమ్ముడు టారో, అన్న తెచ్చిన అపకీర్తిని కడుగుటకు, 18 ఏండ్లు నిండిననాడే చదువు మాని సైన్యమున చేరును. ఒక్క ప్రశ్నపత్రము నాలుగు ప్రాణులను నాలుగు దిక్కులకు విసరినది.

ఈ చీకటిలో ఇచిరోకు దొరకిన స్నేహితుడు కెంజి. ఆతడు యుద్ధమున కాలు పోగొట్టుకొని పతకము తెచ్చుకొన్న వీరుడు. మిగిలిన భాగమును కుళ్లుచుండగా వైద్యులు కొంచెము కొంచెముగా కోయుచున్నారు. మన యిద్దరిలో ఎవరి భారము పెద్దదని వారు ఒక రాత్రి తూచి చూచుకొందురు. చావు సమీపించినవాని స్థితికైనను తన స్థితిని మార్చుకొనుటకు ఇచిరో సిద్ధము! పోర్ట్‌లాండ్ నగరమున కెరిక్ అను తెల్లదొర ఇచిరో కథ విని, ప్రభుత్వము తప్పు చేసినదని నొచ్చుకొని, మంచి ఉద్యోగ మిచ్చెదననును. ఆ దయకు తాను తగనని తలచి ఇచిరో దానిని కాదనుకొనును. ప్రభుత్వము విధించిన శిక్ష ముగిసినను, తనకు తాను విధించుకొన్న శిక్ష ముగియలేదు.

ఇందులో గమనింపదగిన విశేషమొకటి కలదు. రచయిత ఒకాడా ఇచిరో వంటివాడు కాడు. ఆయన 1923లో సియాటిల్‌లో పుట్టి, ఐడహోలోని మినిడోకా శిబిరమున నుండి, అక్కడినుండి సైన్యమున చేరి, పసిఫిక్ సముద్రముపై విమానములలో తిరుగుచు జపాను రేడియో సంభాషణలను విని అనువదించిన సైనికుడు. అవునన్నవాడు కాదన్నవాని కథ వ్రాసెను! తానెన్నుకొన్న త్రోవను పొగడుకొనక, ఎన్నుకొనని త్రోవ నడచినవాని హృదయమున ప్రవేశించెను. ఆ కాలమున ఇది సామాన్యమైన సాహసము కాదు.

అదే కాలపు చలనచిత్రములను ప్రక్కన పెట్టి చూచిన ఈ సాహసము తేటపడును. 1951లో వచ్చిన 'గో ఫర్ బ్రోక్' 442వ దళపు కథ. ఆ దళమున నిజముగా పోరాడినవారే పెక్కుమంది అందు నటించిరి. నిసెయిలను చిన్నచూపు చూచిన తెల్ల అధికారి, వారి శౌర్యమును చూచి మనసు మార్చుకొనును. 1955లో విడుదలయిన 'బాడ్ డే ఎట్ బ్లాక్ రాక్' మరింత గట్టి చిత్రము. స్పెన్సర్ ట్రేసీ నటించిన ఒంటిచేతి మాజీసైనికుడు, ఎడారిలోని కుగ్రామమున రైలు దిగి, కొమోకో అను జపాను రైతును వెదకును. ఆ రైతు కొడుకు ఇటలీలో ఈతని ప్రాణము కాపాడి తాను మరణించెను. ఆ పతకమును తండ్రి చేతి కీయవలెను. తండ్రిని గ్రామస్థులే పెర్ల్ హార్బరు దాడి మరునాడు చంపిరని తేలును. గ్రామపు పాపమును ఆ చిత్రము నిర్భయముగ బయటపెట్టినది. కాని చిత్రమందంతటను తండ్రిగాని, కొడుకుగాని తెరపై ఒక్క క్షణమైన కనబడరు. వారి పక్షమున మాటలాడువాడు తెల్లవాడే.

ఈ రెండు చిత్రములును మంచి ఉద్దేశముతో తీసినవే. అయినను రెంటిలోను ఒక నియమము దాగియున్నది: జపాను సంతతివాడు రక్తము ధారపోసినచో అమెరికన్ అగును. పొరుగున నున్న తెల్ల యువకుని ఈ మూల్యము ఎవ్వరును అడుగలేదు. రక్తము నీయనివాడు, బ్రతికి యింటికి వచ్చినవాడు ఏమి కావలెను? ఈ ప్రశ్నను చలనచిత్రములు ముట్టలేదు, ఒకాడా ముట్టెను.

అందుకే కాబోలు, నవల వెలువడినప్పుడు ఆయన సొంత సమాజమే ముఖము త్రిప్పుకొనెను. గాయము పచ్చిగా నున్నది. తాము విధేయులమని లోకమునకు చాటుకొనుటకు అంత కష్టపడినవారికి, కాదన్నవాని కథ వినవలెనని లేకపోయెను. ఒకాడా 47 ఏండ్లకే గుండెపోటుతో మరణించెను. ఇస్సెయిలనుగూర్చి ఆయన వ్రాయుచుండిన రెండవ నవల ప్రతిని, ఆయన కాగితములను భద్రపరచుటకు ఒక విశ్వవిద్యాలయము ఆసక్తి చూపకపోవుటచే, భార్య కాల్చివేసినదట! ఒక తరమువారి మూగవేదన ఆ మంటలో పోయినది.

విమర్శకులు ఈ లోపమును కొంత తీర్చిరి. ఫ్రాంక్ చిన్, జెఫరీ పాల్ చాన్, లాసన్ ఫుసావో ఇనాదా, షాన్ వాంగ్ అను నలుగురు యువరచయితలు పాతపుస్తకములలో ఈ నవలను కనుగొనిరి. రచయితను కలిసికొనవలెనని పోవునప్పటికే ఆయన లేడు. 1974లో వెలువరించిన సంకలనములో అందలి భాగమును చేర్చి, 1976లో తామే నవలను పునర్ముద్రించిరి. ఆసియానుండి వచ్చినవాడు సగము అచటివాడు, సగము ఇచటివాడు అను మాటను వారు ఖండించిరి. ఆతని నుడికారము, ఆతని కోపము అమెరికా గడ్డపైననే మొలచినవి, అవి పూర్తిగా అమెరికన్ అని వాదించిరి. 1979లో వాషింగ్టన్ విశ్వవిద్యాలయ ముద్రణాలయము దానిని చేపట్టినప్పటినుండి ఆ నవల మరల మరుగునపడలేదు.

1988లో అమెరికా కాంగ్రెసు చట్టము చేసి నిర్బంధితులకు క్షమాపణ చెప్పెను. జీవించియున్న ఒక్కొక్కరికి 20,000 డాలర్లు పరిహారము ప్రకటించెను. 1943లో ప్రభుత్వము శిబిరవాసులను ప్రశ్నించినది. 45 ఏండ్లకు ఆ ప్రశ్న తిరిగి ప్రభుత్వమునకే తగిలినది. దేశము తన బిడ్డను నీవు నావాడవా యని అడుగవచ్చును. కాని ముళ్లకంచె వేసి అడిగినప్పుడు, ఆ బిడ్డ చెప్పిన అవునులో ఎంత నిజమున్నదో, కాదులోను అంత నిజముండవచ్చును. ఇచిరో కథ చివర వీధిలో నడచిపోవుచుండగా ఆతని మనస్సున మినుకుమినుకుమను ఆశ ఒకటి కదలును. అది ఆతనికి ప్రశ్నపత్రము వలన కలిగినది కాదు. కెంజి వంటి స్నేహితుడు, ఎమి అను ఒంటరి యువతి, ఏమియు అడుగకయే ఆతనిని తమవానిగ ఎంచినందున కలిగినది.