డెన్మార్క్ రాజు పెట్టుకోని నక్షత్రం

హేతువాద సభల్లో, మానవవాద సభల్లో నేను తరచు వినే కథ ఒకటుంది. హిట్లర్ సైన్యం డెన్మార్క్‌ను ఆక్రమించాక, యూదులందరూ బట్టల మీద పసుపు నక్షత్రం కుట్టుకుని తిరగాలని జర్మన్లు హుకుం జారీ చేశారట. మర్నాడు పొద్దున్నే రాజుగారు తన కోటుకి అదే నక్షత్రం పెట్టుకుని, గుర్రమెక్కి కోపెన్‌హాగెన్ వీధుల్లోకి వచ్చాడట. అది చూసి జనమంతా తామూ పెట్టుకున్నారట. జర్మన్లు నోరు మూసుకుని హుకుం వెనక్కి తీసుకున్నారట. చెప్పేవాడి గొంతు వణుకుతుంది, వినేవాళ్ళు చప్పట్లు కొడతారు.

చిక్కేమిటంటే ఇందులో గుర్రం తప్ప మిగతాదేదీ నిజం కాదు. పదో క్రిస్టియన్ రాజు రోజూ గుర్రం మీద ఊళ్ళో తిరిగిన మాట వాస్తవం, 1942 అక్టోబరులో దాని మీద నుంచి పడి గాయపడేదాకా. కానీ డెన్మార్క్‌లో నక్షత్రం హుకుం ఎన్నడూ రాలేదు. రానిదాన్ని రాజు ధిక్కరించడం ఎలా? అలాంటి హుకుం వస్తే అందరం పెట్టుకోవడమే మంచిదన్న ఆలోచన 1941 సెప్టెంబరులో రాజు తన డైరీలో రాసుకున్నాడు. 1942 జనవరిలో ఒక స్వీడిష్ పత్రికలో ఇదే అర్థం వచ్చే కార్టూన్ పడింది. యుద్ధకాలపు ప్రచారం దాన్ని జరిగిన సంఘటనగా మార్చింది. 1958లో వచ్చిన లియోన్ యూరిస్ నవల ‘ఎక్సోడస్’ ప్రపంచమంతా తిప్పింది.

బాబాల మహిమలకు ఆధారం చూపించమని అడిగే మనం, మనకు నచ్చిన కథ దగ్గర ఆ ప్రశ్న ఎందుకు మింగేస్తాం? నేను ముప్పై ఏళ్ళకు పైగా రక్షణశాఖ పద్దుల్లో పనిచేసినవాణ్ణి. వోచరు లేని ఖర్చు ఎంత పుణ్యకార్యానిదైనా ఒప్పుకోవడం నాకు చేతకాదు. కనుక ఈ డెన్మార్క్ ఖాతాని మొదటి పేజీ నుంచి చూద్దాం.

మొదటి పేజీ ఏమంత బాగుండదు. 1940 ఏప్రిల్ 9న జర్మన్ సేనలు సరిహద్దు దాటాయి, కొద్ది గంటల్లో డెన్మార్క్ లొంగిపోయింది. ఆ తరవాత మూడేళ్ళు నడిచింది ‘సహకార విధానం’. రాజు, పార్లమెంటు, కోర్టులు, పోలీసు ఎక్కడివక్కడే ఉన్నాయి, డెన్మార్క్ వెన్న, మాంసం జర్మనీకి పోయాయి. 1941 జూన్‌లో హిట్లర్ రష్యా మీద పడగానే కమ్యూనిస్టులను అరెస్టు చేసింది డేనిష్ పోలీసులే. రాజ్యాంగానికి విరుద్ధమని తెలిసీ, ఆగస్టులో ఆ పార్టీని నిషేధిస్తూ చట్టం చేసింది డేనిష్ పార్లమెంటే. సుమారు 6,000 మంది డేన్లు హిట్లర్ వాఫెన్ ఎస్.ఎస్. దళాల్లో పనిచేశారు. ఆశ్రయం కోరి వచ్చిన 21 మంది యూదు శరణార్థులను డేనిష్ అధికారులే జర్మనీకి తిప్పి పంపారు. వాళ్ళలో చాలామంది హతమయ్యారు. దీనికి 2005 మే 4న అప్పటి ప్రధాని ఆండర్స్ ఫో రాస్ముస్సెన్ దేశం తరఫున క్షమాపణ చెప్పాడు.

ఇన్నింటికి తలొంచిన ప్రభుత్వం ఒక్క విషయంలో మాత్రం బిగిసి నిలబడింది. ‘డెన్మార్క్‌లో యూదు సమస్య అనేది లేదు’ అన్న మాట చివరిదాకా మార్చలేదు. యూదుల జాబితాలు లేవు, నక్షత్రం లేదు, ఉద్యోగాల్లోంచి తీసేయడం లేదు. ఆహార సరఫరా సాఫీగా సాగుతున్నంతకాలం జర్మన్లూ కదపలేదు. 1943 మార్చిలో, ఆక్రమణలోనే, ఎన్నికలు జరిగాయి. డేనిష్ నాజీ పార్టీకి వచ్చింది 2 శాతం ఓట్లు!

ఆ వేసవిలో పరిస్థితి మారింది. ఊళ్ళలో సమ్మెలు, విధ్వంస చర్యలు. జర్మన్లు మరణశిక్షలు పెట్టమన్నారు, ప్రభుత్వం కాదంది. 1943 ఆగస్టు 29న సైనిక పాలన వచ్చింది. డేనిష్ నావికాదళం తన ఓడలను తానే ముంచేసుకుంది. సెప్టెంబరు 8న జర్మన్ ప్రతినిధి వెర్నర్ బెస్ట్ బెర్లిన్‌కు తంతి కొట్టాడు: యూదుల పని పట్టడానికి ఇదే అదను అని.

ఇక్కడ మన కథకులు మింగేసే పేరు ఒకటుంది. గెయోర్గ్ డక్‌విట్జ్. జర్మనీ రాయబార కార్యాలయంలో నౌకా వ్యవహారాలు చూసేవాడు, నాజీ పార్టీ సభ్యుడు కూడా. బెస్ట్ ద్వారానే అతనికి సంగతి తెలిసింది. బెర్లిన్ వెళ్ళి ఆపబోయాడు, కుదరలేదు. స్టాక్‌హోమ్ వెళ్ళి స్వీడన్ ప్రధానితో మాట్లాడాడు. సెప్టెంబరు 28న సోషల్ డెమొక్రాట్ నాయకుడు హాన్స్ హెడ్టోఫ్ట్‌కు చెప్పేశాడు. హెడ్టోఫ్ట్ పరిగెత్తుకెళ్ళి యూదు సమాజం అధ్యక్షుడికి చెబితే ఆయన నమ్మలేదు. మర్నాడు ఉదయం ప్రార్థనకు వచ్చినవాళ్ళకు రబ్బీ మార్కస్ మెల్కియోర్ ఆ కబురు చెప్పి, వెంటనే దాక్కోమన్నాడు, మిగతావాళ్ళకూ చెప్పమన్నాడు. ఒక అంబులెన్స్ డ్రైవరైతే టెలిఫోన్ డైరెక్టరీలో యూదుల పేర్లుగా తోచినవాటికి గీతలు కొట్టుకుని ఇంటింటికీ తిరిగాడు.

అక్టోబరు 1 రాత్రి దాడి జరిగింది. దొరికింది 300 మంది లోపే. దేశంలో యూదులు ఏడున్నర వేల పైచిలుకు! తలుపు తీయకపోతే బద్దలు కొట్టవద్దని సోదాకు వెళ్ళినవాళ్ళకు ఆదేశం. బెస్ట్ ఉద్దేశం ఏమిటన్నదాని మీద చరిత్రకారులు ఇప్పటికీ కొట్టుకుంటున్నారు. నాకు తోచేది చెబుతాను. అతను మంచివాడేమీ కాదు, గెస్టపోను నిర్మించినవాళ్ళలో ఒకడు. బెర్లిన్‌కు ‘యూదులు లేని డెన్మార్క్’ అని రాసుకోవాలి, ఇక్కడి జనం తిరగబడకూడదు. వాళ్ళంతట వాళ్ళే పారిపోతే రెండూ కలిసొస్తాయి.

ఎల్సినోర్ దగ్గర స్వీడన్ ఒడ్డు నాలుగైదు కిలోమీటర్లే. హామ్లెట్ చదువుకున్నవాళ్ళకు తెలిసిన ఊరే. అక్టోబరు 2న స్వీడన్ రేడియో, వచ్చినవాళ్ళందరినీ తీసుకుంటామని ప్రకటించింది. అంతకు రెండురోజుల ముందే స్వీడన్ చేరిన భౌతిక శాస్త్రవేత్త నీల్స్ బోర్ రాజును కలిసి ఒత్తిడి తెచ్చాడు. మన శాస్త్రవేత్త ఒక్కడే సాధించాడని రాసేవాళ్ళున్నారు గానీ, స్వీడన్ ప్రభుత్వం అప్పటికే జర్మనీ దగ్గర ఆ మాట ఎత్తింది.

బిస్పెబ్యెర్ ఆసుపత్రిలో యూదులను రోగులుగా, నర్సుల క్వార్టర్లలో అతిథులుగా దాచారు. శవయాత్ర పేరుతో జనాన్ని రేవులకు తరలించారు. విశ్వవిద్యాలయం వారంపాటు మూతపడింది. అక్టోబరు 3, ఆదివారం, చర్చిల్లో బిషప్ ఫుగల్‌సాంగ్-డామ్‌గోర్ లేఖ చదివారు: యూదులను వేధించడం తప్పు అని సూటిగా. చర్చి జమలో పడాల్సిన పద్దు ఇది. నాస్తికులమని దాన్ని చెరిపేసే హక్కు మనకు లేదు.

ఇక డబ్బు సంగతి. చేపల పడవల వాళ్ళు ఊరికే దాటించలేదు. మనిషికి సగటున 1,000 క్రోనర్లు తీసుకున్నారు. నైపుణ్యం ఉన్న కార్మికుడికి నెలకు 500 కూడా రాని రోజులవి. మొదటి రెండు మూడు రోజుల్లో ఇంకా ఎన్నోరెట్లు గుంజినవాళ్ళున్నారు. ఇది బయటపడగానే కొందరు ‘చూశారా, అదంతా వ్యాపారమే’ అని చప్పరించేశారు. నేను ఒప్పుకోను. ఆ మొదటి రోజుల్లో పట్టుబడితే ఏమవుతుందో ఎవరికీ తెలియదు. పడవ పోతే ఇంటిల్లిపాదికీ తిండి పోయినట్టే. పట్టుబడినవాళ్ళకు డేనిష్ కోర్టుల్లో స్వల్ప శిక్షలే పడ్డాయన్నది తరవాత తేలిన సంగతి. పైగా సహాయ బృందాలు ఏర్పడ్డకొద్దీ రేట్లు దిగాయి. లేనివాళ్ళ తరఫున డాక్టర్లు, వ్యాపారులు, పెద్ద రైతులు చందాలు వేశారు, అప్పులిచ్చారు. ఎక్కువ గుంజినవాడి పేరున అది రాయాలి, చందా వేసినవాడి పేరున ఇది రాయాలి. ఒకదానితో ఒకటి కొట్టేసి సున్నా చేస్తే అది లెక్క కాదు.

అన్ని రేవులూ కలిసిరాలేదు. గిల్లెలైయ అనే పల్లెలో చర్చి అటక మీద దాక్కున్న 80 మంది దాకా గెస్టపోకు చిక్కారు. సముద్రంలో మునిగిపోయినవాళ్ళున్నారు. పసిబిడ్డల ఏడుపుకు భయపడి, వాళ్ళను డేనిష్ కుటుంబాలకు అప్పగించి వెళ్ళిన తల్లిదండ్రులున్నారు. అలా ఉండిపోయిన పిల్లలు వందకు పైనే. మొత్తం మీద 7,000 మందికి పైగా యూదులు, వాళ్ళతోపాటు యూదులుకాని భార్యాభర్తలు దాదాపు 700 మంది స్వీడన్ చేరారు. 470 మంది తెరేజియన్‌స్టాట్ నిర్బంధ శిబిరానికి పోయారు. అక్కడ చనిపోయింది 50 మంది పైన. డెన్మార్క్ అధికారులు వాళ్ళ గురించి అడుగుతూనే ఉన్నారు, పొట్లాలు పంపుతూనే ఉన్నారు. 1945 ఏప్రిల్‌లో స్వీడన్ రెడ్‌క్రాస్ తెల్ల బస్సులు వెళ్ళి 423 మందిని తెచ్చాయి.

జనం ధైర్యంగా నిలబడితే చాలు, ఎంత క్రూరుడైనా వెనక్కి తగ్గుతాడని ఈ కథతో నిరూపించేవాళ్ళు హాలెండ్ పేరు ఎత్తరు. 1941 ఫిబ్రవరిలో యూదుల తరఫున ఆమ్‌స్టర్‌డామ్ కార్మికులు సమ్మె చేశారు, అదీ బహిరంగంగా. జర్మన్లు తుపాకులతో అణిచేశారు. అక్కడి లక్షా నలభై వేల యూదుల్లో లక్షమందికి పైగా హతమయ్యారు. డచ్చివాళ్ళకు ధైర్యం తక్కువా? వాళ్ళకు పక్కనే స్వీడన్ లేదు, సొంత ప్రభుత్వం లేదు, పైన కూర్చున్నది వేరే రకం జర్మన్ పాలన, యూదుల జాబితాలు ముందే తయారై ఉన్నాయి.

నన్ను అన్నిటికంటే ఎక్కువ ఆలోచనలో పడేసింది ఒక ఓడ. పేరు వార్తెలాండ్. వేలమంది యూదులను ఎక్కించుకుపోవడానికి కోపెన్‌హాగెన్ రేవుకు వచ్చి, అక్టోబరు 2న 200 మందితో బయల్దేరింది. అదే ఓడలో దాదాపు 150 మంది కమ్యూనిస్టులనూ స్టుట్‌హోఫ్ శిబిరానికి తీసుకుపోయారు. వాళ్ళను రెండేళ్ళ కిందట పట్టి క్యాంపులో పెట్టింది డేనిష్ పోలీసులు. ఆగస్టు 29న ఆ క్యాంపు జర్మన్ల చేతిలోకి పోయింది. యూదులు ‘మావాళ్ళు’ అన్న దేశమే కమ్యూనిస్టుల దగ్గరకొచ్చేసరికి ఆ మాట అనలేదు. ఒకే రేవు, ఒకే ఓడ. వాళ్ళ కోసం చర్చిల్లో లేఖ చదవలేదు.

1945 మే, జూన్ నెలల్లో స్వీడన్ నుంచి చాలామంది తిరిగొచ్చారు. ఇరుగుపొరుగువాళ్ళు కుండీల్లో పూలమొక్కలకు నీళ్ళు పోసి ఉంచారన్నది ఇంకో కథ. కొన్ని ఇళ్ళలో నిజమే. చరిత్రకారిణి సోఫీ లెనె బాక్ కాగితాలు తిరగేసి చూపింది ఏమిటంటే, చాలామందికి ఇల్లు వేరేవాళ్ళకు అద్దెకు పోయింది, సామాన్లు మాయమయ్యాయి, కొట్టు మూతపడింది. అయితే ఆ కాగితాల్లోనే మరొకటీ ఉంది. ఆక్రమణ నడుస్తుండగానే కోపెన్‌హాగెన్ పురపాలక సంఘం వాళ్ళ సాంఘిక సేవా విభాగం పారిపోయిన యూదుల ఇళ్ళు చూసుకుంది, సామాన్లు గోదాముల్లో పెట్టించింది, అద్దెలు కట్టింది. పేరు తెలియని ఏ గుమాస్తాలో ఆ పద్దులు రాసి పెట్టారు. రాజుగారి నక్షత్రానికి లేని వోచర్లు వాళ్ళకున్నాయి.