కాఫీ గింజకు ధర ఎవరు కడతారు?

కాఫీ పండ్లు కోసే రోజుల్లో మన బడుల్లో హాజరు తగ్గుతుంది. పిల్లలు అమ్మానాన్నల వెంట తోటలకు పోతారు. అలా వారం రోజులు మానేసి వచ్చిన పిల్లలను ఒకసారి మేము అడిగాం: "మీ పండ్లకు ధర ఎవరు కడతారు?" "షావుకారు" అన్నారు అందరూ. "మరి షావుకారికి ఎవరు చెబుతారు?" అంటే ఎవరూ మాట్లాడలేదు. నిజానికి ఆ రోజు మాకూ సరైన జవాబు తెలియదు. వెతుక్కుంటూ పోతే ఆ జవాబు పాడేరు సంతలో ఆగలేదు, న్యూయార్క్ దాకా పోయింది. శిక్షణ రోజుల్లో పరీక్ష కోసం బట్టీ పట్టిన ప్రపంచీకరణ, సరళీకరణ అనే మాటలు మన కొండ మీద ఎలా నడిచాయో అప్పుడు తెలిసింది.

బయటి మార్కెట్ మన కొండ ఎక్కింది 1991లో కాదు. ఉప్పు, బట్ట, ఎండు చేపల కోసం మన తాతలు చింతపండు, పసుపు, కరక్కాయలు కావిళ్ల మీద మోసుకొని సంతకు దిగేవారు. సంతతో పాటు అప్పు వచ్చింది, అప్పుతో పాటు భూమి పోవడం మొదలైంది. 1882 మద్రాసు అటవీ చట్టంతో అడవి రిజర్వు అయింది, పోడుకు అడ్డు పడింది. కల్లు మీద కూడా పన్ను వేస్తే 1879లో రంప పితూరీ లేచింది. 1922-24లో అల్లూరి సీతారామరాజు వెంట గాం గంటందొర, మల్లుదొర నిలిచారు. ఆ పోరాటం వెనుక వెట్టితో రోడ్లు వేయించిన కోపం ఉంది, అడవి మూసేసిన ఆకలి ఉంది. పితూరీలు చూసిన ప్రభుత్వమే 1917లో ఏజెన్సీలో వడ్డీకి, భూమి బదిలీకి హద్దులు పెడుతూ చట్టం చేసింది. దాని కొనసాగింపే 1959 రెగ్యులేషన్, 1970లో వచ్చిన 1/70. ఈ మాట గుర్తుంచుకోవాలి, మళ్లీ దీని దగ్గరికే వస్తాం.

1960వ దశకంలో కొత్తవలస నుంచి కిరండూల్‌కు రైలు మార్గం వేశారు. అరకులో దిగే పర్యాటకులు సొరంగాలు చూసి ముచ్చటపడతారు గాని, ఆ దారి వేసింది బైలదిల్లా ఇనుప ఖనిజాన్ని విశాఖ రేవుకు చేర్చి జపాన్‌కు పంపడానికి. మన ఊళ్ల మీదుగా ప్రపంచ మార్కెట్ అప్పుడే రోజూ ప్రయాణం చేసింది. మనం గట్టు మీద నిలబడి గూడ్సు పెట్టెలు లెక్కపెట్టాం.

కాఫీ కథ వేరు. ఇందులో మనం గట్టు మీద లేం, పెట్టెలోనే ఉన్నాం. మొదట అటవీ శాఖ, తర్వాత అటవీ అభివృద్ధి సంస్థ వేసిన తోటల్లో మనవాళ్లు కూలీలు. తర్వాత ఐటీడీఏ మొక్కలిచ్చి, పోడు చేసిన వాలుల్లో సిల్వర్ ఓక్ నీడన మన చేతనే కాఫీ వేయించింది. ఈ రోజు పాడేరు ఏజెన్సీలో లక్ష ఎకరాలకు పైగా కాఫీ ఉంది. 1942 కాఫీ చట్టం ప్రకారం దేశంలో రైతులు పండించిన కాఫీని బోర్డుకు అప్పగించేవారు, బోర్డే అమ్మి డబ్బు పంచేది. 1989లో ప్రపంచ దేశాల మధ్య ఉన్న కాఫీ కోటాల ఏర్పాటు కూలింది. 1991 సంస్కరణల తర్వాత మన దేశంలో బోర్డు గుత్తాధిపత్యాన్ని విడతలుగా తీసేశారు. 1996 నాటికి రైతు ఎవరికైనా అమ్ముకోవచ్చు. ఇది స్వేచ్ఛే. కానీ గోదాము, లారీ, పెట్టుబడి ఉన్న ఎస్టేటు యజమానికి ఆ స్వేచ్ఛ ఒక రకం, రెండెకరాల తోట ఉండి పండుగకు బట్టలు కొనాల్సిన మనకు మరో రకం. వియత్నాంలో సాగు విపరీతంగా పెరిగి 2001 ప్రాంతంలో ప్రపంచ ధర పడిపోయింది. అరబికా బేరం న్యూయార్క్‌లో తేలుతుంది. అక్కడ పడిన ధర మన గుమ్మంలోకి వచ్చేసరికి, ముందే అప్పు ఇచ్చి చెట్టు మీదే పండ్లు కొన్న వ్యాపారి తూకం రాయి కింద మరింత నలుగుతుంది.

మరో వైపు కూడా చెప్పాలి. 2017లో అరకు పేరుతో ప్యారిస్‌లో కాఫీ దుకాణం తెరిచారు. 2019లో అరకు వ్యాలీ అరబికాకు భౌగోళిక గుర్తింపు వచ్చింది. పండ్లను పల్పర్ పట్టి, కడిగి, ఆరబెట్టి పార్చ్‌మెంట్‌గా అమ్మే సంఘాల్లో చేరిన కుటుంబాలు బాగుపడ్డాయి. మార్కెట్ అంటేనే చెడు అని మేము పిల్లలకు చెప్పం. గింజ మనదైనప్పుడు తూకం, ధర కూడా మనకు తెలియాలి అంటాం.

కాఫీ ఇలా నిలబడడానికి కారణం, దాని కింది నేల ఇంకా మన చేతిలో ఉండడమే. అనంతగిరి మండలం నిమ్మలపాడులో గిరిజనేతర కంపెనీలకు ఖనిజ లీజులు ఇచ్చినప్పుడు సమత సంస్థ కోర్టుకు వెళ్లింది. 1997లో సుప్రీంకోర్టు, 1/70లోని 'వ్యక్తి' అనే మాట ప్రభుత్వానికీ వర్తిస్తుందని, షెడ్యూల్డ్ ప్రాంతంలో సర్కారు భూమిని కూడా గిరిజనేతరులకు లీజుకు ఇవ్వకూడదని చెప్పింది. దేశమంతా తలుపులు తెరుస్తున్న రోజుల్లో వచ్చిన తీర్పు అది. తర్వాత ప్రభుత్వ సంస్థ పేరుతో బాక్సైట్ తవ్వి ప్రైవేటు ఫ్యాక్టరీలకు ఇచ్చే దారి వెతికారు. 2005లో జిందాల్‌తో, 2007లో గల్ఫ్‌లోని రస్ అల్ ఖైమాతో ఒప్పందాలు జరిగాయి. 2015లో జీవో 97 వచ్చినప్పుడు చింతపల్లి వైపు ఊళ్లన్నీ కదిలాయి. 2019లో ఆ లీజులు రద్దయ్యాయి. సరిహద్దు అవతల నియమగిరిలో 2013లో మన బంధువులైన డోంగ్రియా కోందుల పన్నెండు గ్రామసభలూ బాక్సైట్ వద్దని తీర్మానించాయి. 1917 నుంచి కాపాడుకుంటూ వచ్చిన హద్దురాయి ఇంకా కదల్లేదు. దాన్ని కదిపే ప్రయత్నం మాత్రం ఆగదు.

కోర్టులో గెలవలేనివి కొన్ని ఉన్నాయి. పోడు తగ్గాక సామలు, కొర్రలు, చోళ్లు తగ్గాయి. చౌక బియ్యం మన కడుపు నింపింది, ఆ మేలు కాదనలేం. కానీ సామల్లో రకాల పేర్లు చెప్పమంటే మా తరగతిలో ఒక్క చెయ్యి లేవలేదు. పండుగకు ఊరంతా చేతులు కలిపి ఆడే ధింసా ఇప్పుడు పర్యాటకుల ముందు గంటకు ఇంత అని ఆడుతున్నారు. ఆడేవాళ్లను తప్పుపట్టం, అది వాళ్ల కూలి. అయితే ఊళ్లో ఆడడానికి మనుషులు మిగలకపోతే, ధింసా కూడా ధర వేరెవరో కట్టే సరుకు అయిపోతుంది.

అందుకే ఉపాధ్యాయ మిత్రులకు, యువతకు ఒక మాట. కాఫీ కోత రోజుల్లో పిల్లలతో ఒక నోటుపుస్తకం పెట్టించండి. ఎన్ని కిలోలు, ఎవరి కాటా, ఏ రోజు ఏ ధర, ముందు ఎంత అప్పు, అన్నీ రాయించండి. అదే పుస్తకం రెండో వైపు నుంచి అవ్వలను అడిగి విత్తనాల పేర్లు రాయించండి. గ్రామసభ జరిగిన రోజు ఆ పుస్తకం పట్టుకొని వెళ్లండి. మా బడిలో మొదలుపెట్టాం. మొదటి పేజీలోనే ఇంటి తూకానికి, సంత తూకానికి తేడా బయటపడింది. తర్వాతి సంతకు ఆ పిల్లవాడి తండ్రి సొంత కాటాతో వెళ్లాడు.