వాకపల్లి అర్జీ

మన గూడేల్లో అర్జీ అంటే ఐటీడీఏ ఆఫీసులో ఇచ్చే కాగితం. పోడు పట్టాకి, మంచినీళ్ళ బోరుకి. పోలీసుల మీద అర్జీ పెట్టడం మనకి అలవాటు లేని పని. వాకపల్లి ఆడవాళ్ళు ఆ పని చేశారు.

2007 ఆగస్టు 20న జి.మాడుగుల మండలంలోని ఆ చిన్న ఊరికి గ్రేహౌండ్స్ పోలీసులు కూంబింగ్‌కి వచ్చారు. తమపై అత్యాచారం చేశారని 11 మంది కొందు ఆడవాళ్ళు ఫిర్యాదు చేశారు. కొందులది కువి భాష. ఫిర్యాదు, దర్యాప్తు, కోర్టు అన్నీ పరాయి భాషల్లోనే. ఇంట్లో చెప్పుకోవడానికే నోరురాని మాటను పరాయివాళ్ళ ముందు మళ్ళీ మళ్ళీ చెప్పాల్సి వచ్చింది. ఈ సంగతి కేసు కాగితాల్లో ఎక్కడా ఉండదు.

దర్యాప్తు చేసింది కూడా పోలీసు శాఖే. చివరికి ఆరోపణ నిజం కాదని నివేదిక ఇచ్చింది. చాలా కేసులు అక్కడే ఆగిపోతాయి. కానీ పోలీసులు కేసు మూసేస్తామన్నా, ఒప్పుకోమని ఫిర్యాదుదారు కోర్టులో పిటిషన్ వేయవచ్చు. మేజిస్ట్రేటు ఆ నివేదికకు కట్టుబడనక్కరలేదు. మనలో ఎంతమందికి ఈ దారి తెలుసు? ఆ ఆడవాళ్ళు పాడేరు కోర్టుకెళ్ళారు. 21 మందిలో 13 మంది మీద కేసు నిలబడింది. దాన్ని కొట్టేయమని పోలీసులు హైకోర్టుకి, ఆపై సుప్రీంకోర్టుకి వెళ్ళారు. 2017లో సుప్రీంకోర్టు విచారణ జరగాల్సిందేనంది. అప్పటికే పదేళ్ళు. చంకలో ఉన్న పిల్లలు బడికెళ్ళే వయసుకొచ్చారు.

2023 ఏప్రిల్ 6న విశాఖపట్నం ప్రత్యేక కోర్టు 13 మందినీ నిర్దోషులుగా విడిచిపెట్టింది. అదే తీర్పులో దర్యాప్తు సరిగా జరగలేదని తప్పుపట్టింది. ఆ ఆడవాళ్ళకి పరిహారం ఇవ్వాలని కూడా చెప్పింది. నిందితులను గుర్తుపట్టే పరేడ్ సకాలంలో జరపలేదు. జరపాల్సిన వాళ్ళెవరు? నేరం రుజువు కాలేదన్న మాటకీ, నేరం జరగలేదన్న మాటకీ మధ్య ఉన్న దూరం అక్కడుంది.

తీర్పు వచ్చేసరికి 11 మందిలో ఇద్దరు చనిపోయారు. మిగిలినవాళ్ళు విశాఖ కోర్టు నుంచి మళ్ళీ ఆ కొండలెక్కి వాకపల్లికే వెళ్ళారు.