టీవీ లేకున్నా మ్యాచ్ మిస్ కాదు: ఫుట్‌బాల్ లైవ్ కామెంటరీ ఎక్కడ, ఎలా వినాలి?

ఇంగ్లండ్‌లో శనివారం మధ్యాహ్నం 3 గంటలకు మొదలయ్యే ప్రీమియర్ లీగ్ మ్యాచ్‌ను అక్కడి టీవీలో లైవ్ చూపించరు. ఎంత డబ్బు కట్టినా అంతే. స్టేడియం టికెట్ దొరకనివారికి ఆ మ్యాచ్ లైవ్‌గా అందే సక్రమమైన దారి రేడియో కామెంటరీయే. ఫుట్‌బాల్ పుట్టిన దేశంలోనే నేటికీ లక్షల మంది ఆటను చెవులతో చూస్తున్నారంటే కారణం ఇదే.

ఈ పద్ధతి 1960ల నుంచి ఉంది. టీవీలో పెద్ద మ్యాచ్ వస్తుంటే చిన్న ఊళ్ల స్టేడియాలు ఖాళీ అవుతాయని బర్న్‌లీ క్లబ్ ఛైర్మన్ బాబ్ లార్డ్ అప్పట్లో గట్టిగా వాదించాడు. మిగతా క్లబ్బులు ఒప్పుకున్నాయి. అలా శనివారం మధ్యాహ్నం 2:45 నుంచి 5:15 వరకు టీవీలో లైవ్ ఫుట్‌బాల్ బంద్. రేడియోకు మాత్రం ఈ అడ్డు లేదు.

మన కుటుంబాలకు కూడా ఈ సంగతి పనికొస్తుంది. గల్ఫ్‌లో డ్రైవింగ్ డ్యూటీ చేసేవారు, హోటల్ కిచెన్‌లో పనిచేసేవారు, నైట్ షిఫ్ట్ సెక్యూరిటీ వాళ్లు, లండన్‌లో చదువుకుంటూ పార్ట్ టైమ్ చేసే పిల్లలు, వీళ్లెవరికీ రెండు గంటలు స్క్రీన్ ముందు కూర్చునే వీలుండదు. చెవులు మాత్రం ఖాళీగానే ఉంటాయి. అయితే ఏ దేశంలో ఉన్నామన్నదాన్ని బట్టి దారి మారుతుంది. అది తెలియకే చాలామంది నకిలీ లింకుల పాలవుతున్నారు.

తొలి కామెంటరీ: గళ్ల మైదానం

బ్రిటన్‌లో రేడియోలో మొట్టమొదటి లైవ్ ఫుట్‌బాల్ కామెంటరీ 1927 జనవరి 22న వచ్చింది. లండన్ హైబరీ మైదానంలో ఆర్సెనల్, షెఫీల్డ్ యునైటెడ్ జట్లు ఆడాయి. బీబీసీ తరఫున టెడ్డీ వేక్‌లమ్ కామెంటరీ చెప్పాడు. ఆట 1-1తో డ్రా అయింది.

వినేవారికి బంతి ఎక్కడుందో ఎలా తెలియాలి? దానికి బీబీసీ ఒక ఉపాయం చేసింది. మైదానాన్ని గళ్లుగా విడదీసి, ప్రతి గడికి ఒక నంబరు ఇచ్చి, ఆ బొమ్మను తన పత్రిక రేడియో టైమ్స్‌లో అచ్చువేసింది. ఒకాయన ఆట చెబుతుంటే, పక్కనున్న ఇంకొకాయన బంతి ఏ గడిలో ఉందో నంబరు పలికేవాడు. జనం పత్రిక ఒళ్లో పెట్టుకుని విన్నారు.

మన దేశంలో కలకత్తా ఫుట్‌బాల్‌కు రేడియోతో గట్టి బంధం ఉంది. ఆకాశవాణిలో అజయ్ బసు, పుష్పేన్ సర్కార్, కమల్ భట్టాచార్య బెంగాలీలో చెప్పిన కామెంటరీని అక్కడి పాతతరం ఇప్పటికీ తలుచుకుంటుంది. మోహన్ బగాన్, ఈస్ట్ బెంగాల్, మొహమ్మడన్ స్పోర్టింగ్ మ్యాచ్ రోజున ట్రాన్సిస్టర్ చుట్టూ జనం గుమిగూడేవారు.

హైదరాబాద్‌కూ ఆ కాలంతో సంబంధం ఉంది. మన సయ్యద్ అబ్దుల్ రహీమ్ సాబ్ కోచ్‌గా భారత జట్టు 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానం, 1962 జకార్తా ఏషియన్ గేమ్స్‌లో బంగారు పతకం సాధించింది. హైదరాబాద్‌కు దూరదర్శన్ కేంద్రం వచ్చింది 1977లో. అంటే రహీమ్ సాబ్ జట్టు గెలుపు ఆ రోజు నగరానికి రేడియో ద్వారా, పేపరు ద్వారా చేరిందే తప్ప ఎవరూ ఇంట్లో కూర్చుని చూసింది కాదు.

బ్రిటన్‌లో ఉంటే

అన్నిటికన్నా సులువు అక్కడే. ప్రీమియర్ లీగ్ రేడియో హక్కులు బీబీసీ రేడియో 5 లైవ్, టాక్‌స్పోర్ట్ పంచుకుంటున్నాయి. మ్యాచ్ మొదలయ్యే టైమును బట్టి ఏది ఎవరికన్నది తేలుతుంది. కాబట్టి ఒక స్టేషన్‌లో మీ మ్యాచ్ లేకపోతే రెండోదాంట్లో చూడాలి.

మామూలు రేడియోలో 5 లైవ్ 693, 909 కిలోహెర్ట్జ్ మీద, టాక్‌స్పోర్ట్ 1053, 1089 కిలోహెర్ట్జ్ మీద మీడియం వేవ్‌లో వస్తాయి. డిజిటల్ రేడియోలో, ఫోన్ యాప్‌లలో కూడా దొరుకుతాయి. కింది డివిజన్ల జట్ల మ్యాచ్‌లకు బీబీసీ లోకల్ స్టేషన్లు మంచి ఆధారం.

కొత్తగా వెళ్లిన విద్యార్థులు గుర్తుంచుకోవాల్సింది ఒకటుంది. బ్రిటన్‌లో లైవ్ టీవీ చూడాలంటే టీవీ లైసెన్స్ ఫీజు కట్టాలి. ఫోన్‌లో, ల్యాప్‌టాప్‌లో లైవ్ చూసినా సరే. రేడియో మాత్రమే వినేవారికి ఏ లైసెన్సూ అక్కర్లేదు. రేడియో లైసెన్స్‌ను 1971లోనే ఎత్తేశారు.

ఇండియా, గల్ఫ్‌లో ఉంటే

ఇక్కడే చిక్కు. బీబీసీ 5 లైవ్‌కు ఉన్న మ్యాచ్ హక్కులు బ్రిటన్ వరకే. బయటి దేశం నుంచి అదే మ్యాచ్‌ను ఇంటర్నెట్‌లో పెట్టుకుంటే కామెంటరీ రాదు. మీ ఫోన్ పాడైందనో, నెట్ స్లో అనో అనుకోనక్కర్లేదు. హక్కుల గీత అక్కడ అడ్డం పడిందన్నమాట.

అప్పుడు ముందుగా చూడాల్సింది క్లబ్ సొంత యాప్. ఆర్సెనల్, మాంచెస్టర్ యునైటెడ్, లివర్‌పూల్ లాంటి పెద్ద క్లబ్బులు తమ మ్యాచ్‌లకు సొంతంగా ఆడియో కామెంటరీ నడుపుతాయి. కొన్ని క్లబ్బులకు ఈమెయిల్‌తో ఉచిత ఖాతా తెరిస్తే చాలు, కొన్నింటికి నెలవారీ చందా ఉంటుంది. డబ్బు కట్టేముందు రెండు సంగతులు చూసుకోవాలి: మీ దేశంలో ఆ సేవ ఉందా, చందాలో లైవ్ ఆడియో కలిసి ఉందా.

క్లబ్ కామెంటరీ రుచి వేరు. చెప్పేవారు ఆ జట్టు మనుషులే కాబట్టి పక్షపాతం దాచుకోరు. తమ జట్టు గోల్ కొడితే అరుపులే అరుపులు, అవతలివారు కొడితే గొంతు నీరసం. నిష్పక్షపాతంగా వినాలనుకునేవారికి కొంచెం ఇబ్బందే, అభిమానులకు మాత్రం పండగే.

రెండో దారి బీబీసీ వరల్డ్ సర్వీస్. వారాంతాల్లో వచ్చే స్పోర్ట్స్‌వరల్డ్ కార్యక్రమం మ్యాచ్‌లు నడుస్తుండగానే సంగతులు చెబుతుంటుంది. మూడోది యూట్యూబ్‌లో అభిమానులు నడిపే వాచ్‌అలాంగ్‌లు. వాళ్లు తమ ఇంట్లో టీవీ చూస్తూ, ఆట బొమ్మ చూపించకుండా, జరిగింది మాటల్లో చెబుతారు. రేడియో కామెంటరీ అంత వివరంగా ఉండదు, స్కోరు మాత్రం తెలుస్తుంది.

వీపీఎన్ పెట్టుకుని దేశం మార్చేస్తే సరిపోతుందని స్నేహితులు చెబుతుంటారు. అది ఆ సేవల నిబంధనలకు విరుద్ధం. యూఏఈలో ఉన్నవారు మరీ జాగ్రత్త. నేరం చేయడానికో, చేసింది దాచడానికో వీపీఎన్ వాడితే అక్కడి సైబర్ చట్టం కింద జరిమానా 5 లక్షల దిర్హమ్‌ల నుంచి 20 లక్షల దిర్హమ్‌ల దాకా ఉంది. ఒక మ్యాచ్ కోసం ఉద్యోగాన్ని, వీసాను పణం పెట్టడం తెలివైన పని కాదు.

అమెరికాలో ఉంటే

అక్కడ ఫుట్‌బాల్ అంటే చేత్తో పట్టుకుని పరిగెత్తే ఆట. మనం అనే ఫుట్‌బాల్‌ను సాకర్ అని వెతకాలి. కార్లలో ఎక్కువమంది పెట్టించుకునే సిరియస్‌ఎక్స్‌ఎం శాటిలైట్ రేడియోలో దీనికి ప్రత్యేక ఛానల్ ఉంది, చందా కట్టాలి. అక్కడి లీగ్ ఎంఎల్ఎస్ మ్యాచ్‌లను ఆపిల్ టీవీలో చూసేటప్పుడు, చాలా మ్యాచ్‌లకు సొంతగడ్డ జట్టు రేడియో కామెంటరీని ఎంచుకునే వీలుంటుంది.

భాష రాకపోయినా వినదగ్గవి

ఇటలీలో రాయ్ రేడియో 1960 జనవరి 10న మొదలుపెట్టిన 'తుత్తో ఇల్ కాల్చో మినూతో పెర్ మినూతో' కార్యక్రమం ఒకేసారి చాలా స్టేడియాలను కలుపుతుంది. ఒకచోట గోల్ పడితే అక్కడి కామెంటేటర్ మధ్యలోనే అందుకుంటాడు. స్పెయిన్‌లో కదేనా సెర్ స్టేషన్ నడిపే కరుసెల్ దెపోర్తివో 1954 నాటిది. జర్మనీలో శనివారం సాయంత్రం ఏఆర్‌డీ స్టేషన్లు బుందెస్‌లీగా మ్యాచ్‌లన్నిటినీ కలిపి వినిపిస్తాయి. బొరుస్సియా డార్ట్‌మండ్‌కు నెట్‌రేడియో అని సొంత కామెంటరీ ఉంది. దాంట్లో గొంతు నోర్బర్ట్ డికెల్‌ది. 1989 జర్మన్ కప్ ఫైనల్‌లో ఆ క్లబ్ తరఫున రెండు గోల్స్ కొట్టింది ఆయనే.

ఆటగాళ్ల పేర్లు, స్కోరు, కామెంటేటర్ గొంతు వేగం, ఈ మూడింటితో సగం ఆట అర్థమవుతుంది.

చూపు లేనివారికి

మామూలు టీవీ కామెంటరీ చూపు లేనివారికి సరిపోదు. బొమ్మ కనిపిస్తోంది కదా అని కామెంటేటర్ చాలా విషయాలు వదిలేస్తాడు. రేడియో కొంత నయం. ఇంకా మేలైనది ఆడియో డిస్క్రిప్టివ్ కామెంటరీ. బంతి ఎక్కడుంది, ఎవరు ఎటు పరిగెత్తారు, జెర్సీ రంగు ఏమిటి, కోచ్ చేయి ఊపి ఏం చెబుతున్నాడు, ఇవన్నీ మాటల్లో పెడతారు. ప్రీమియర్ లీగ్ స్టేడియాల్లో అడిగినవారికి ఇయర్‌ఫోన్ సెట్ ఇచ్చే క్లబ్బులు ఉన్నాయి. 2022 ఖతర్ వరల్డ్ కప్‌లో ఈ సేవ అరబ్బీలోనూ, ఇంగ్లీషులోనూ అందింది. ఇంట్లో చూపు సమస్య ఉన్న పెద్దవాళ్లో, పిల్లలో ఉంటే టీవీ సౌండ్‌కు బదులు రేడియో పెట్టి చూడండి, తేడా వెంటనే తెలుస్తుంది.

డేటా, ఆలస్యం, టైము

సెకనుకు 64 కిలోబిట్ల ఆడియో స్ట్రీమ్ రెండు గంటలు వింటే సుమారు 58 ఎంబీ ఖర్చవుతుంది. 128 అయితే సుమారు 115 ఎంబీ. అదే సెకనుకు 3 మెగాబిట్ల వీడియో రెండు గంటలకు 2.7 జీబీ తాగేస్తుంది. చిన్న రీచార్జ్ ప్లాన్ వాడేవారికి ఈ లెక్క ముఖ్యం.

ఇంటర్నెట్ ఆడియో ఆట కంటే అర నిమిషం దాకా, ఒక్కోసారి ఇంకా ఎక్కువ వెనకబడుతుంది. వినేలోపే వాట్సాప్ గ్రూపులో గోల్ మెసేజ్ వచ్చేస్తుంది. ఆట మజా పోకూడదనుకుంటే నోటిఫికేషన్లు ఆపేయడమే మందు. మామూలు ఏఎం రేడియోలో ఈ ఆలస్యం దాదాపు ఉండదు.

బ్రిటన్ మధ్యాహ్నం 3 గంటలు అంటే వేసవిలో ఇండియాలో రాత్రి 7:30, యూఏఈలో సాయంత్రం 6, సౌదీ, ఖతర్, కువైట్‌లలో 5 గంటలు. అక్టోబర్ చివరి ఆదివారం అక్కడ గడియారం మారుతుంది. అప్పటి నుంచి మార్చి చివరి ఆదివారం దాకా వీటన్నిటికీ ఒక గంట కలుపుకోవాలి. బ్రిటన్ రాత్రి 8 గంటల ఛాంపియన్స్ లీగ్ మ్యాచ్ మనకు అర్ధరాత్రి 12:30కి, చలికాలంలో 1:30కి మొదలవుతుంది. ఇంట్లో అందరూ పడుకున్న వేళ ఒక చెవిలో ఇయర్‌ఫోన్ పెట్టుకుంటే ఎవరి నిద్రా చెడదు.

మోసం లింకులతో జాగ్రత్త

పెద్ద మ్యాచ్ రోజున 'ఫ్రీ లైవ్' లింకులు వాట్సాప్‌లో, టెలిగ్రామ్‌లో కుప్పలుగా వస్తాయి. యూట్యూబ్‌లో లైవ్ అని పెట్టినవాటిలో కొన్ని వీడియో గేమ్ దృశ్యాలే. కామెంటరీ వినడానికి ఏపీకే ఫైల్ దించమన్నా, ఉచితం అంటూనే కార్డు నంబరు, ఓటీపీ అడిగినా అక్కడికక్కడ ఆపేయాలి. యాప్‌ను ప్లే స్టోర్, యాప్ స్టోర్ నుంచే తీసుకోవాలి. క్లబ్ యాప్ అయితే క్లబ్ వెబ్‌సైట్‌లో ఉన్న లింకు నుంచి వెళ్లడం క్షేమం.

డ్రైవింగ్‌లో ఉన్నవారు బండి కదలకముందే కామెంటరీ పెట్టుకోవాలి. ఆట మధ్యలో ఫోన్ చేతిలోకి తీసుకోవద్దు. బైక్ మీద వెళ్లేవారు ఇయర్‌ఫోన్లు వదిలేయాలి, వెనక హారన్ వినపడకపోతే ప్రాణానికే ముప్పు.

మొదటిసారి వినేవారికి

మొదటి పది నిమిషాలు గందరగోళంగానే ఉంటుంది. ఆటకు ముందు రెండు జట్ల పదకొండు మంది పేర్లు ఒక కాగితం మీద రాసుకుంటే సగం పని అయిపోతుంది. ఏ జట్టు ఎడమ నుంచి కుడికి ఆడుతోందో కామెంటేటర్ మొదట్లోనే చెబుతాడు, అది మనసులో పెట్టుకోవాలి. మ్యాచ్‌కు పావుగంట ముందే యాప్ తెరిచి స్ట్రీమ్ వస్తోందో లేదో చూసుకోవాలి. రాకపోతే రెండో దారి వెతుక్కోవడానికి అప్పుడు టైము ఉంటుంది.