టర్కీలో తలగుడ్డ

టర్కీ గణతంత్ర చరిత్రలో ముస్లిం స్త్రీల తలగుడ్డ అంత కాలం నలిగిన వస్త్రం మరొకటి లేదు. గణతంత్ర స్థాపకుడు అతాతుర్క్ హయాంలో 1925లో వచ్చిన టోపీ చట్టం మగవాళ్ల ఫెజ్ టోపీని నిషేధించింది. స్త్రీల తలగుడ్డ మీద అలాంటి దేశవ్యాప్త చట్టమేదీ అప్పట్లో రాలేదు. 1930లలో కొన్ని పురపాలక సంఘాలు మాత్రం ముఖాన్ని కప్పే ముసుగునూ, ఒళ్లంతా కప్పే చార్షాఫ్‌నూ నిషేధించాయి. పల్లెపడుచులు గడ్డం కింద ముడివేసుకునే గుడ్డ జోలికి ఎవరూ పోలేదు. తగువంతా చదువుకున్న అమ్మాయి తల కప్పుకున్నప్పుడే మొదలైంది.

1960లలో పాత్రికేయురాలు షులే యుక్సెల్ షెన్లెర్ జుట్టూ మెడా కనబడకుండా, పట్నవాసపు స్త్రీకి నప్పేలా ఒక కట్టును ప్రచారంలోకి తెచ్చారు. దానికి ఆమె పేరు మీదే ‘షులేబాష్’ అన్న పేరు స్థిరపడింది. అంటే ఈ కథలో ఫ్యాషన్ తర్వాతెప్పుడో వచ్చి చేరింది కాదు, మొదటినుంచీ ఉన్నదే.

1980 సైనిక తిరుగుబాటు తర్వాత, 1982 నిబంధనలు ప్రభుత్వోద్యోగినులు తల కప్పుకోరాదన్నాయి. విశ్వవిద్యాలయాల్లో నిషేధం కొన్నాళ్లు సడలుతూ, కొన్నాళ్లు బిగుస్తూ వచ్చి, 1997 ఫిబ్రవరి 28 నాటి సైనిక జోక్యంతో కరకుగా మారింది. ఇస్తాంబుల్ విశ్వవిద్యాలయంలో విద్యార్థినుల చేత తలగుడ్డ తీయించడానికి ‘ఒప్పించే గదులు’ వెలిశాయి. కొందరు గుడ్డ మీద విగ్గు పెట్టుకుని తరగతులకు వెళ్లారు. 1999లో పార్లమెంటుకు ఎన్నికైన మెర్వే కవాక్చీ తలగుడ్డతో రావడంతో సభలో కేకలు చెలరేగి, ఆమె ప్రమాణం చేయకుండానే వెనుదిరగాల్సి వచ్చింది. వైద్యవిద్యార్థిని లైలా షాహిన్ వేసిన కేసులో ఐరోపా మానవ హక్కుల న్యాయస్థానం 2005లో నిషేధాన్నే సమర్థించింది.

విచిత్రమేమిటంటే, చదువుల్లో తలుపులు మూసిన ఆ కాలంలోనే బజారు తలుపులు తెరిచింది. 1982లో మొదలైన తెక్బీర్ దుస్తుల సంస్థ 1992లో ఫ్యాషన్ షో పెట్టింది. ఒద్దిక కోసం వేసుకునేదాన్ని ర్యాంపు మీద ప్రదర్శించడమేమిటని మతనిష్ఠ గలవారే మండిపడ్డారు. ఆ తర్వాత 2011లో తలగుడ్డ వేసుకునే స్త్రీల కోసం ‘ఆలా’ ఫ్యాషన్ పత్రిక, ఆన్‌లైన్ దుస్తుల అంగడి మొదానిసా వచ్చాయి.

నిషేధం 2010లో విశ్వవిద్యాలయాల్లో సడలింది, 2013లో చాలా ప్రభుత్వ కార్యాలయాల్లో తొలగింది, 2017లో సైన్యంలోనూ పోయింది. అయితే ఒత్తిడి పోలేదు, దిక్కు మారిందంతే. సామాజిక శాస్త్రవేత్త షెరీఫ్ మర్దిన్ 2007లోనే ‘మొహల్లా ఒత్తిడి’ గురించి, అంటే ఇరుగుపొరుగు పెట్టే ఒత్తిడి గురించి, హెచ్చరించారు. 2019 జనవరిలో ఎందరో స్త్రీలు తలగుడ్డతో ఉన్నప్పటి ఫొటోలనూ, తీసేశాక దిగినవాటినీ పక్కపక్కన పెట్టి, కుటుంబం నుంచీ ఇరుగుపొరుగు నుంచీ తాము పడ్డ ఒత్తిడిని సామాజిక మాధ్యమాల్లో బాహాటంగా రాశారు.