యశ్‌పాల్ జవాబు చెప్పే పద్ధతి

హైదరాబాద్ ఈసీఐఎల్ పక్కన టాటా పరిశోధన సంస్థ వాళ్ల బెలూన్ కేంద్రం ఉంది. 1969 నాటిది, ఇప్పుడు మా మేడ్చల్ జిల్లాలోకి వస్తుంది. పలచటి పాలిథిన్‌తో చేసిన పెద్ద బెలూన్‌లో హైడ్రోజన్ నింపి రాత్రిపూట వదిలితే ముప్పై, నలభై కిలోమీటర్ల పైకి పోతుంది. పని అయ్యాక పరికరాలు రంగుల పారాచూట్ కింద వేలాడుతూ ఏ చేనులోనో దిగుతాయి. శామీర్‌పేట వైపు బడుల్లో సైన్సు చెప్పి రిటైరైనవాణ్ని. ఆ బెలూన్ల మాట వస్తే నాకు ముందు ప్రొఫెసర్ యశ్‌పాల్ గుర్తొస్తారు.

ఆయన అదే సంస్థలో కాస్మిక్ కిరణాల మీద పనిచేసిన మనిషి. ఆ పరిశోధన కోసమే సంస్థ వాళ్లు బెలూన్లు ఎగరేయడం మొదలుపెట్టారు. దేశానికి మాత్రం ఆయన దూరదర్శన్‌లోనే తెలుసు. రిటైరయ్యాక టీవీకెక్కిన పెద్దమనిషి అనుకుంటారు చాలామంది. అది సరికాదు. 1973లో అహ్మదాబాద్ స్పేస్ అప్లికేషన్స్ సెంటర్‌కు తొలి డైరెక్టర్‌గా వెళ్లారు. 1975 ఆగస్టు నుంచి ఏడాదిపాటు అమెరికా ఉపగ్రహం ద్వారా ఆరు రాష్ట్రాల్లో 2,400 పల్లెలకు టీవీ చూపించే ప్రయోగం నడిపింది ఆయన కేంద్రమే. కోళ్ల జాలీ లాంటి వలతో చేసిన యాంటెన్నాలు పెట్టారు. పొద్దున బడిపిల్లలకు, సాయంత్రం పెద్దలకు కార్యక్రమాలు. వాటిని ప్రసారం చేసిన భాషల్లో తెలుగు కూడా ఒకటి. మన రాష్ట్రంలో చాలా పల్లెలు టీవీ అనేదాన్ని మొదట చూసింది అప్పుడే.

1991లో దూరదర్శన్‌లో 'టర్నింగ్ పాయింట్' అనే సైన్సు కార్యక్రమం మొదలైంది. గిరీష్ కర్నాడ్ నడిపేవారు. జనం ఉత్తరాలు రాస్తే యశ్‌పాల్ జవాబిచ్చేవారు. ఆయన బోర్డు ముందు నిలబడి పాఠం చెప్పలేదు. ఎదుటివాడి ప్రశ్నలోకి దిగి, అక్కడినుంచి ఆలోచిస్తూ నడిచేవారు. ఏ డీఈఓ కార్యాలయమూ ఇవ్వని శిక్షణ నాకది. 1993లో పిల్లల మీద చదువు భారం గురించి ఆయన కమిటీ ఇచ్చిన నివేదిక చదివినప్పుడు అర్థమైంది, ఆ కార్యక్రమమూ ఈ నివేదికా ఒకే బుద్ధిలోంచి వచ్చాయని. సంచి బరువుకన్నా అర్థం కాకపోవడమే పెద్ద బరువు అని అందులో చెప్పారు.

గ్రహణాల సంగతి చెప్పకపోతే ఈ కథ సగమే. 1980 ఫిబ్రవరి 16న సంపూర్ణ సూర్యగ్రహణం. జపాల్-రంగాపూర్‌లో ఉస్మానియా ఖగోళ శాస్త్రవేత్తలు దుర్భిణి పెట్టుకుని చూస్తుంటే, ఊళ్లల్లో జనం తలుపులు వేసుకున్నారు. జనం బయటికి రాకుండా దూరదర్శన్ సినిమా వేసింది. 1995 అక్టోబర్ 24, దీపావళి తెల్లారి మళ్లీ గ్రహణం. ఈసారి అదే దూరదర్శన్ ప్రత్యక్ష ప్రసారం పెట్టి, యశ్‌పాల్‌ను మాట్లాడించింది. పదిహేనేళ్లలో ఒక ప్రభుత్వ టీవీ ఇంత మారడం చిన్న విషయం కాదు. ఆ మార్పులో ఆయన గొంతుకు పెద్ద భాగం ఉందని నా నమ్మకం.

'బ్రహ్మాండ్' ధారావాహికతో టీవీలో ఖగోళం చెప్పిన జయంత్ నార్లీకర్‌దీ అదే దారి. 2005 ఏప్రిల్‌లో మన హైదరాబాద్ బెలూన్ 459 కిలోల సరంజామాతో 41 కిలోమీటర్ల దాకా పోయి గాలి నమూనాలు తెచ్చింది. ఆ పరిశోధనకు నాయకుడు ఆయనే. వాటిలో సీసీఎంబీ, పుణె శాస్త్రవేత్తలు వెతికితే మూడు కొత్త బ్యాక్టీరియాలు దొరికాయి. ఒకదానికి నార్లీకర్ గురువు ఫ్రెడ్ హోయల్ పేరు పెట్టారు. అయినా 2009లో ఇస్రో ప్రకటనలో, అవి భూమి బయటివని దీనితో తేలిపోలేదని స్పష్టంగా రాశారు.

ఆ నిగ్రహం 2022 డిసెంబర్‌లో టీవీల్లో కనిపించలేదు. వికారాబాద్ జిల్లా మొగిలిగుండ్లలో గుండ్రటి పెద్ద వస్తువొకటి దిగితే గ్రహాంతరవాసుల మాటే నడిచింది. అది స్పెయిన్ కంపెనీ ఒకటి పరీక్ష కోసం ఈ బెలూన్ కేంద్రం నుంచే పంపిన గుళిక. శాస్త్రవేత్త ఒక్కరిని పిలిచి పది నిమిషాలు కూర్చోబెడితే సరిపోయేది.

మా పక్కింటి పిల్ల ఆ వార్త చూసి వచ్చి అడిగింది: "గంత మీదికెళ్లి పడితే పలగకుండ ఎట్లున్నది తాతా?" పారాచూట్ అన్నాను. "మీద గాలే ఉండదంటివి కదా, మరి పారాచూట్‌ను ఏం పట్టుకుంటది?" కాగితం తీసి బొమ్మ గీసి చెప్పాను: మొదట చాలా వేగంగా పడుతుంది, కిందికి వచ్చే కొద్దీ గాలి చిక్కబడుతుంది, అప్పుడు పారాచూట్ నిండుగా విచ్చుకుని వేగం తగ్గిస్తుంది.