గుండ్లకమ్మ లోయలో తొలి మానవుని జాడలు

ఇంతకాలం మీతో మధుమేహం, రక్తపోటు, కీళ్లనొప్పుల వంటి విషయాలే ముచ్చటిస్తూ వచ్చాను. ఈసారి కొంచెం దారి మళ్లి మన నేల చరిత్ర చెప్పదలిచాను. వైద్యుడు రోగిని పరీక్షించడానికి ముందు పూర్వచరిత్ర అడుగుతాడు. మన ప్రాంతపు పూర్వచరిత్రను మాత్రం మనలో ఎక్కువమంది ఎన్నడూ అడగలేదు. నేనూ అడగలేదు. ఆ పొరపాటు ఎలా జరిగిందో ముందుగా చెబుతాను.

ఉద్యోగంలో చేరిన తొలినాళ్లలో ప్రకాశం జిల్లా పడమటి ప్రాంతంలో ఒక ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో పనిచేశాను. ఒకరోజు ఒక గొర్రెల కాపరి అరికాలి గాయానికి కట్టు కట్టించుకోవడానికి వచ్చాడు. వెళ్లబోతూ పంచె మడతలోంచి అరచేతికి సరిపోయే రాయి ఒకటి తీసి బల్ల మీద పెట్టాడు. "అయ్యా, ఇది ఎవరో పనిగట్టుకుని చెక్కినట్టు లేదూ?" అని అడిగాడు. ఒకవైపు బాదంగింజలా మొన, రెండు అంచులా పెచ్చులు లేచిన గుర్తులు. నేను నవ్వి ఊరుకున్నాను. రెండేళ్లపాటు ఆ రాయి ఓపీ చీటీలు ఎగిరిపోకుండా బరువుగా పనికొచ్చింది. బదిలీ అయినప్పుడు దానిని అక్కడే వదిలేశాను. ఏ వాగులో, ఏ గట్టున దొరికిందని ఆ మనిషిని ఒక్కమాటైనా అడగలేదు.

పదవీ విరమణ తరువాత పురావస్తు గ్రంథాలు చదవడం మొదలుపెట్టాక గాని నేనేం పోగొట్టుకున్నానో తెలియలేదు.

రాళ్లు చెప్పిన సంగతులు

1863 మే 30న మద్రాసు సమీపాన పల్లావరంలో రాబర్ట్ బ్రూస్ ఫుట్ అనే భూగర్భ శాస్త్రవేత్త ఒక రాతి పనిముట్టును గుర్తించాడు. భారతదేశంలో పాత రాతియుగ పరిశోధనకు అదే నాంది. మన వైపు చెప్పుకోదగిన పని 1952లో వెలువడింది. కె.వి. సౌందరరాజన్ గిద్దలూరు పరిసరాల రాతియుగ పనిముట్లను క్రమపద్ధతిలో వివరించారు. గిద్దలూరు అప్పట్లో కర్నూలు జిల్లాలో ఉండేది. 1970లో కొత్త జిల్లా ఏర్పడినప్పుడు ఒంగోలు వైపు వచ్చింది.

నల్లమలలో పుట్టి, కంభం చెరువును నింపి, ఒంగోలు దగ్గర సముద్రంలో కలిసే గుండ్లకమ్మను మనం చిన్న నదిగానే చూస్తాం. కానీ దాని గట్ల కోతల్లోనూ, దానికి చేరే వాగుల గులకరాళ్ల పొరల్లోనూ లక్షల ఏళ్ల మానవ సంచారానికి ఆనవాళ్లు ఉన్నాయి. కనిగిరి సమీపంలోని హనుమంతునిపాడులో దొరికిన మధ్య పాతరాతియుగపు పనిముట్ల పొర వయస్సు సుమారు 2,47,000 సంవత్సరాలని 2022లో ప్రచురితమైన పరిశోధన తేల్చింది. కొలతలో కొన్ని వేల ఏళ్లు అటూఇటూ ఉండవచ్చు. మట్టిరేణువులు చివరిసారి సూర్యరశ్మిని చూసి ఎంతకాలమైందో చెప్పే ప్రయోగశాల పరీక్షతో ఈ లెక్క కట్టారు. ఇక్కడ ఒక సంగతి గమనించండి. ఆ పరీక్ష రాయికి కాదు, రాయి పడుకున్న మట్టికి చేస్తారు. మట్టి నుంచి వేరైన రాయి, రోగి పేరూ తేదీ లేని రక్తపరీక్ష కాగితం వంటిది. అంకెలు ఉంటాయి, అవి ఎవరివో తెలియదు. నా బల్ల మీది రాయి గతి అదే అయింది.

ఆ పనిముట్లు చేసినవారు మన జాతివారేనా? రాయి ఆ జవాబు చెప్పలేదు. ఆఫ్రికాలోని మొరాకోలో మన జాతికి చెందిన మూడు లక్షల ఏళ్లనాటి ఎముకలు దొరికాయి. భారతదేశంలో అంతటి ప్రాచీన మానవ అస్థికలు నర్మదా లోయలో తప్ప దొరకలేదు. వాటిలో ముఖ్యమైనది 1982లో హథ్నోరా వద్ద బయటపడిన పుర్రె భాగం. కనుక హనుమంతునిపాడు శిల్పులు మన పూర్వీకులా, మనకంటే ముందే అంతరించిన మరో మానవజాతివారా అన్నది తేలని ప్రశ్న. రేపు ఒక పన్ను దొరికినా అది తేలవచ్చు. ఆ పన్ను ఏ చేను కింద ఉందో!

బూడిద, నిప్పుకోడి

సుమారు 74,000 ఏళ్ల క్రితం సుమత్రా దీవిలోని టోబా అగ్నిపర్వతం బద్దలై, ఆ బూడిద సముద్రం దాటి మన దేశం మీద కురిసింది. గుండ్లకమ్మ మధ్యలోయలో ఆ బూడిద నేటికీ పొరగా ఉంది, దానితో సంబంధమున్న పనిముట్ల స్థలాలూ ఉన్నాయి. ఆ విపత్తులో మనుషులు నశించారా? నంద్యాల జిల్లా జ్వాలాపురంలో బూడిద పొరకు కిందా పైనా కూడా పనిముట్లు దొరికాయి. వాటి పనితనంలో పెద్ద మార్పు లేదని 2007లో పరిశోధకులు ప్రకటించారు. అంటే అక్కడివారు బహుశా తట్టుకుని నిలబడ్డారు.

2024లో ప్రకాశం జిల్లా నుంచే మరో వార్త వచ్చింది. వడోదర మహారాజా సయాజీరావ్ విశ్వవిద్యాలయ పరిశోధకులకు సుమారు 41,000 ఏళ్లనాటి నిప్పుకోడి గూడు దొరికింది. గుడ్ల పెంకుముక్కలు దాదాపు 3,500. నేడు మిరపకాయలు ఆరబోసే ఈ జిల్లాలో ఒకనాడు నిప్పుకోళ్లు గుడ్లు పొదిగాయన్నమాట.

గుంతల ఇళ్లు, పశువుల మందలు

ఇక కృష్ణా తీరానికి రండి. నాగార్జునసాగర్ జలాశయంలో మునిగిపోనున్న నాగార్జునకొండ లోయను 1954 నుంచి 1960 వరకు ఆర్. సుబ్రహ్మణ్యం నాయకత్వాన కేంద్ర పురావస్తు శాఖ తవ్వింది. బౌద్ధారామాలు, ఇక్ష్వాకుల రాజధాని విజయపురి మనకు తెలుసు. వాటికంటే ఎంతో ముందునాటి పాత రాతియుగపు పనిముట్లు, నేలలో గుంతలు తవ్వి కట్టుకున్న కొత్త రాతియుగపు నివాసాలు, సమాధులు, ఇనుపయుగపు రాకాసిగూళ్లు కూడా అక్కడే బయటపడ్డాయి. ఒకే లోయలో మానవ చరిత్ర అంతా అంచెలంచెలుగా కనబడింది.

నాలుగైదు వేల ఏళ్ల క్రితం దక్కనులో మనిషి స్థిరపడి మూపురపు పశువులను పెంచాడు. ఉలవలు, పెసలు, అండుకొర్రలు పండించాడు. వైద్యునిగా నాకు ఇది అత్యంత ఆసక్తికరమైన ఘట్టం. సేద్యం మొదలైన చాలాచోట్ల అస్థిపంజరాల్లో పుచ్చుపళ్లు పెరిగాయి. గింజల్లోని పిండిపదార్థం పళ్ల సందుల్లో నిలవడం దానికి ముఖ్య కారణం. జనం ఒకేచోట గుమిగూడి ఉండటంతో అంటువ్యాధులకు ఆస్కారం దొరికింది. తట్టు క్రిమి, పశువులను కబళించిన రిండర్‌పెస్ట్ క్రిమి ఒకే మూలం నుంచి వచ్చిన దాయాదులు. ఒంగోలు గిత్తను చూసి గర్వించే మనం పశువుల సాంగత్యానికి చెల్లించిన మూల్యాన్నీ గుర్తుంచుకోవాలి.

చివరి మూడు నిమిషాలు

హనుమంతునిపాడు కాలం నుంచి నేటివరకు గడచిన కాలాన్ని ఒక్క రోజుగా ఊహించండి. టోబా బూడిద సాయంత్రం ఐదు గంటలకు కొంచెం ముందు రాలింది. నిప్పుకోడి రాత్రి ఎనిమిదింటికి గుడ్లు పెట్టింది. సేద్యం, పశుపోషణ పదకొండున్నర ప్రాంతంలో మొదలయ్యాయి. మన ప్రాంతానికి పేరు తెచ్చిన మిరప? అది అమెరికా ఖండపు పంట. పోర్చుగీసువారి వెంట 16వ శతాబ్దంలో భారతదేశానికి వచ్చింది. మన గడియారంలో అర్ధరాత్రికి మూడు నిమిషాల ముందు! అంతవరకు మన కూరల్లో కారమంటే మిరియమే. మిరప అన్న పేరులోనే ఆ మిరియం ఉంది. ఇక రోజంతా కుర్చీలో కూర్చుని, గడప దాటితే బండి ఎక్కే జీవనం చివరి ఇరవై సెకన్లది.

ఈ మధ్య కొందరు యువకులు నన్ను "ఆదిమానవుల ఆహారం తింటే షుగర్ తగ్గుతుందా?" అని అడుగుతున్నారు. నాయనలారా, వారు ఒకే ఆహారం తినలేదు. ఋతువును బట్టి, చోటును బట్టి దొరికినదే తిన్నారు. వారి జీవితం స్వర్ణయుగమూ కాదు. పసిబిడ్డలు ఎక్కువగా రాలిపోయేవారు. కాలు విరిగినా, గాయం చీము పట్టినా ప్రాణాపాయమే. వారి నుంచి మనం తెచ్చుకోవలసింది వంటకం కాదు, నడక. నడిచి బతకడానికి తయారైన దేహం మనది. దానిని కూర్చోబెట్టి ఇరవై సెకన్లే అయింది. అది ఇంకా అలవాటు పడలేదు.

మనం చేయగలిగినది

నాగార్జునకొండ మునగబోతోందని అందరికీ తెలుసు కనుక ఆరేళ్లు తవ్వి దక్కినంత దక్కించుకున్నారు. నేడు మన వాగు గట్లు అలా చెప్పి మునగడం లేదు. గ్రావెల్ కోసం పొక్లెయిన్‌లు తవ్వుకుపోతున్నాయి. చేలు చదును చేసే యంత్రాలు పొరలను కలిపేస్తున్నాయి. గుప్తనిధుల ఆశతో రాకాసిగూళ్ల బండలను పడదోస్తున్నారు. వాటిలో ఉండేవి కుండలు, ఇనుప పనిముట్లు, ఎముకలు. వాటికి అంగడిలో విలువ లేదు, చరిత్రలో ఉంది.

రైతు సోదరులారా, సేద్యం మానమని నేను అనడం లేదు. దుక్కిలోనో వాగు కోతలోనో చెక్కినట్టున్న రాయి కనబడితే వెంటనే పైకి తీయకండి. ఉన్నచోటే ఫోటో తీయండి, పొలం పేరు రాసుకోండి. గుంటూరులోని బౌద్ధశ్రీ పురావస్తు ప్రదర్శనశాలకో, దగ్గరి విశ్వవిద్యాలయపు చరిత్ర శాఖకో తెలియజేయండి. బడిపిల్లలకు ఈ సంగతి చెప్పండి. వాళ్ల కళ్లు మన కళ్లకంటే చురుకైనవి.

ఆ గొర్రెల కాపరి బడికి వెళ్లినవాడు కాదు. అయినా అది మనిషి చేసిన వస్తువని ఒక్క చూపులో పసిగట్టాడు. వైద్యపట్టా చేతపట్టుకున్న నేను పసిగట్టలేకపోయాను. అతను అడిగిన ప్రశ్నకు జవాబు చెప్పడానికి నాకు ముప్పై ఏళ్లకు పైగా పట్టింది. అవును నాయనా, అది ఎవరో పనిగట్టుకుని చెక్కిన రాయే. ఎక్కడ దొరికిందో నిన్ను అడిగి ఉండవలసింది.